ఆమ్ ఖర్బూజ

మొన్న చలికాలపు ముహూర్తానికి మా మేనకోడలి పెళ్లి విందుకు వెళ్లాను. ఇప్పుడు భోజనాలకు ముందే, ఆకలిని కాస్త గిల్లి లేపడానికన్నట్టు, పళ్లేలు పట్టుకుని అతిథుల మధ్య తిరుగుతున్నారు కదా, అలా ఒకమ్మాయి వచ్చి నా ముందు పళ్లెం చాపింది. చల్లని ఖర్బూజ ముక్కలు, ఒక్కోదాని చుట్టూ గులాబి రంగు పల్చని పొర, నడుమ ఒక పుల్ల. పక్కనే నిలబెట్టిన చిన్న చీటీ మీద మెలన్ విత్ హామ్ అని రాసి ఉంది. పక్క కుర్చీలో కూర్చున్న నా ఈడు ఆవిడ అది చదివి ముక్కు ముడుచుకుని, ఏం కాలమొచ్చిందమ్మా, పంది మాంసాన్ని పండుకు చుట్టి పెడుతున్నారు, ఎప్పుడన్నా విన్నామా, కన్నామా అంది. నాకు నవ్వు ఆగక పొలమారింది. విన్నాం, కన్నాం, తిన్నాం కూడా, అదీ ముప్పై ఏళ్ల కిందట ఈ చిక్కడపల్లి, నారాయణగూడల మధ్యనే అని చెబుదామనుకున్నాను గానీ, అది చేతిలో పళ్లెం పట్టుకుని నిలబడి చెప్పే కథ కాదు. అందుకే ఇంటికొచ్చి, తీరిగ్గా కూర్చుని, మీలాంటి వాళ్లకు చెబుతున్నాను.

తొంభైల మొదటి సంవత్సరాలవి. నేను నారాయణగూడలో డిగ్రీ చదువుతూ, చిక్కడపల్లిలో మా అమ్మ చెల్లెలు చిన్నమ్మ దగ్గర ఉండేదాన్ని. చిన్నాయన పోయి కొన్నేళ్లయింది, పిల్లలు లేరు. లైబ్రరీ వెనక సందుల్లో ఒక పాత ఇంటి మేడ మీద రెండు గదుల పోర్షను, దాని ముందు పొద్దస్తమానం ఎండ కాసే డాబా, అదే మా చిన్నమ్మ రాజ్యం. ఆ గదుల తాళంచెవిని ఆమె ఎప్పుడూ కొంగున ముడివేసుకుని తిరిగేది. రాత్రి నిద్రలో అటు పొర్లితే అది గచ్చుకు తగిలి టంగుమనేది, నేను ఉలిక్కిపడి లేచేదాన్ని. గూట్లో పెట్టరాదా అంటే ఒప్పుకునేది కాదు. పుట్టింట్లో ఉన్నప్పుడు తాళాలు అమ్మ దగ్గర, అత్తింట్లో ఉన్నప్పుడు అత్త దగ్గర, తర్వాత మీ చిన్నాయన జేబులో, నా చేతికొచ్చిన తాళం ఇదొక్కటేనే అనేది. అప్పుడు నాకు అది ముసలివాళ్ల చాదస్తంగా అనిపించింది. ఆమెకు అప్పటికి యాభై కూడా లేవని ఇప్పుడు లెక్కేసుకుంటే నాకే నవ్వొస్తుంది.

చిన్నమ్మ సకినాలు, గరిజలు, మురుకులు చేసి అమ్మేది. అశోక్ నగర్‌లో పేరంటమున్నా, నారాయణగూడలో ఏ ఆఫీసు వాళ్లకైనా సాయంత్రం చాయ్‌తో నమలడానికి ఏదైనా కావాలన్నా ఆమెకే కబురొచ్చేది. కాకపోతే ఆ కబుర్లు వానాకాలపు ఎండలాంటివి, వస్తే వచ్చినట్టు లేకపోతే లేదు. అదే మహబూబ్‌నగర్‌లో ఉండే మా మేనమామకు, అంటే చిన్నమ్మ అన్నకు, మనసులో ముల్లయి కూర్చుంది. మంచి మనిషి, కోపిష్టి, చెల్లెలంటే ప్రాణం. తన చెల్లెలు ఊరివాళ్లకు పిండివంటలు వండి బతకడం తన మీసానికే తక్కువని ఆయన నమ్మకం. ఆ ఎండాకాలం బస్సు దిగి నేరుగా మేడెక్కి, చెంబెడు నీళ్లు తాగి, ఇంకా మంచం మీద సరిగ్గా కూర్చోకముందే విషయానికొచ్చాడు.

"ఈ నెలాఖరుకు కిరాయిల్లు ఖాళీ జెయ్యి చెల్లె. మా ఇంట్ల నీకేం తక్కువ?"

ఏదీ తక్కువ కాదు, అదే చిక్కు. ఆ ఇంట్లో ఆమెకు అన్నముంటుంది, చీరలుంటాయి, ఒదినె మంచిదే, పిల్లలు అత్తా అత్తా అని చుట్టూ తిరుగుతారు, కొంగుకు తాళంచెవి మాత్రం ఉండదు. ఈ మాట చిన్నమ్మ ఆయనతో అనలేదు. అంటే ఆయనకు అర్థం కాదని ఆమెకు తెలుసు. ఆఫీసు పని ఒకటి కుదిరేటట్టున్నది, అదేమైతదో చూసి చెప్త అన్నా అని మాత్రం అంది.

ఆ ఆఫీసు నారాయణగూడ మార్కెట్ దగ్గర ఒక మేడ మీద ఉండేది. విదేశాల నుంచి ప్యాకింగ్ మిషన్లు తెప్పించి అమ్మేవాళ్లు. రోజూ సాయంత్రం అందరికీ తినుబండారాలు ఇవ్వడానికి ఒక మనిషి కావాలని వాళ్లకు, రోజూ వచ్చే పని ఒకటి కావాలని చిన్నమ్మకు. మిషన్లు బిగించడానికి ఇటలీ నుంచి ఒకాయన వచ్చాడని, ఆయన గౌరవార్థం ఒక సాయంత్రం చిన్న విందు చేస్తున్నామని, అది బాగా చేస్తే మిగతా సంగతి మాట్లాడతామని మేనేజరు చెప్పాడు. ఆ మేనేజరు బొంబాయి నుంచి కొత్తగా వచ్చిన మనిషి, తెలుగు రాదు, ఏం చేయాలో తర్వాత ఫోన్ చేసి చెబుతానన్నాడు.

ఫోన్ అనగానే ఒక మాట. ఇప్పటి పిల్లలకు పి.పి. నంబరంటే ఏమిటో చెప్పినా తెలియదు. మీకు చెప్పనక్కర్లేదు. మన ఇంట్లో ఫోన్ ఉండదు, పక్కింట్లోనో కింది ఇంట్లోనో ఉన్నవాళ్ల నంబరు మన నంబరని ఊరంతా పంచిపెట్టి, పక్కన బ్రాకెట్లో పి.పి. అని రాసేవాళ్లం. మాకు ఆ పుణ్యాత్మురాలు కింద ఉండే ఓనరమ్మ. మడి, ఆచారం, ఉల్లిపాయ కూడా గడప దాటనివ్వని మనిషి, కానీ ఫోన్ మోగిందంటే పూజ మధ్యలో నుంచైనా లేచివచ్చేది. ఆమె నోట్లో నువ్వుగింజ నానదని పేరు, అయితే మా కబుర్లు మాకు చేర్చడంలో మాత్రం ఒక్కనాడూ ఆలస్యం చేయలేదు.

ఆ రోజు మేము సుల్తాన్ బజార్‌కు వెళ్లి పళ్లేలు, పుల్లలు కొనుక్కుని వచ్చేసరికి ఆమె మెట్ల దగ్గరే కాచుకుని ఉంది. మేనేజరు ఫోన్ చేశాడట. ఖర్బూజ ముక్కలు కోయాలట. ఉప్పులో ఊరేసి ఎండబెట్టిన ఆమ్‌ను పల్చగా కోసి ఆ ముక్కలకు చుట్టాలట. పుల్ల గుచ్చి పెట్టాలట. తియ్యగా, ఉప్పగా ఉండాలట. "ఏంది సార్, ఆమా అని రెండుసార్లు అడిగిన. అవునవును అన్నడు" అని చెప్పి, ఇంకా ఏదో చెబుతుంటే పొయ్యి మీద పాలు పొంగాయని ఫోన్ పెట్టేశానంది. ఆ పొంగిన పాలతో పాటు ఏ మాట ఒలికిపోయిందో ఆమెకూ తెలియదు, మాకూ తెలియదు. ఇప్పుడు మీకు అర్థమయ్యే ఉంటుంది. ఆయన హిందీలో హామ్ అన్నాడు, ఈమె ఆమ్ అని వింది. హిందీలో మాట్లాడే మనిషి నోట ఆమ్ అంటే హైదరాబాద్‌లో ఎవరికైనా మామిడికాయే కదా!

చిన్నమ్మకు అందులో వింతేమీ కనిపించలేదు. పైగా ముఖం వెలిగిపోయింది. ఉప్పులో ఊరేసి ఎండబెట్టిన మామిడి అంటే మన ఒరుగే కదా, ఇటలీలో కూడా ఒరుగులు పెట్టుకుంటారా అని మురిసిపోయింది. మామిడి ఒరుగులు మీకు తెలిసినవే. పచ్చి మామిడికాయ చెక్కు తీసి, పొడుగ్గా చీరి, ఉప్పు పసుపు పట్టించి జాడీలో ఊరనిచ్చి, తర్వాత గలగలమనేదాకా ఎండబెట్టుకునే ముక్కలు. కూరల్లేని రోజుల్లో పప్పులో నాలుగు వేస్తే ఆ పూట గడిచిపోయేది. మా డాబా మీద ప్రతి ఎండాకాలం పాత చీర పరిచి చిన్నమ్మ పెట్టే ఒరుగుల వాసన సందు మొగదాకా వచ్చేది, కాలేజీ నుంచి తిరిగొస్తూ దాన్ని పట్టుకునే నేను ఇల్లు చేరేదాన్ని.

అసలు కష్టం చుట్టడంలో వచ్చింది. ఒరుగు గట్టి సరుకు, వంచితే విరుగుతుంది. నీళ్లలో నానబెడితే ఉప్పంతా నీళ్లలోకి దిగి చప్పబడిపోయింది. బెల్లం నీళ్లలో వేస్తే జిగటయ్యి చేతికంటింది. చిన్నమ్మ నడుముకు చేతులు పెట్టుకుని కాసేపు ఆ ముక్కల వంక మాట వినని పిల్లల్ని చూసినట్టు చూసి, ఇడ్లీ పాత్ర దించింది. ఇడ్లీ రేకుల్లో ఒరుగుల్ని పరిచి ఆవిరి పట్టించి, వేడి మీదే అప్పడాల కర్రతో ఒక్క వత్తు వత్తితే తమలపాకులా మెత్తగా వంగింది. ఆ మొదటి ముక్కను ఖర్బూజకు చుట్టి నా నోట్లో పెట్టినప్పుడు, అయ్యో, ఏం చెప్పను. ముందు చల్లని తీపి, వెనకాలే పులుపు, ఆఖరుకు చెవుల వెనకదాకా పాకే ఉప్పు. మామయ్య మంచం మీద నుంచి ఓరకంట చూస్తూ, నాకొకటి పడెయ్యి అన్నాడు గానీ బాగుందని మాత్రం అనలేదు.

ఖర్బూజలకు మర్నాడు నారాయణగూడ మార్కెట్‌కు నన్ను వెంటబెట్టుకుని వెళ్లింది. ప్రతి కాయనూ తొడిమ దగ్గర వాసన చూసింది, వలలాంటి గీతలు ముతకగా ఉన్నవి ఏరింది, బండివాడు అమ్మా అన్నిటికీ ముద్దులు పెడుతున్నవా అని వేళాకోళం చేస్తే, నీ కాయలల్ల తీపి తక్కువ, నోట్ల తీపెక్కువ అని అంటించింది. ఆ పొద్దున ఆమె ఎంత హుషారుగా ఉందంటే, ఆ సాయంత్రం మీద తన ఇల్లు వేలాడుతోందని చూసేవాళ్లెవరికీ తెలిసేది కాదు.

నాకు తెలుసు, ఎందుకంటే బయలుదేరే ముందు ఆమె చేసిన పని నేను చూశాను. తలుపుకు తాళం వేసి, కొంగు ముడి విప్పి, తాళంచెవి తీసి మామయ్య అరచేతిలో పెట్టింది. "ఈ పని కుదరకపోతే నువ్వే ఓనరమ్మకిచ్చెయ్యి అన్నా. నా చేతుల్తోని నేనియ్యలేను." మామయ్య దాన్ని చొక్కా జేబులో వేసుకున్నాడు. ముగ్గురం ఆటో ఎక్కాం. దారంతా చిన్నమ్మ ఒడిలో స్టీలు డబ్బాలు పట్టుకుని కూర్చుంది, ఖాళీ అయిన కొంగు చివర మాత్రం వేళ్లతో ఊరికే నలుపుతూనే ఉంది.

ఆఫీసులో బల్లలన్నీ జరిపి తెల్ల దుప్పటి పరిచారు. చిన్నమ్మ సకినాలు ఒక వైపు పేర్చి, నడుమ రెండు పెద్ద పళ్లేల నిండా ఖర్బూజ ముక్కలు పెట్టింది, ఒక్కోదానికి పసుపు రంగు ఒరుగు నడుము చుట్టిన పట్టీలా ఉంది. ఇటలీ ఆయన ఇంకా రాలేదు. ఆఫీసు వాళ్లు ఆగలేక ఒకటొకటి తీసుకోవడం మొదలెట్టారు, ఆ తర్వాత పక్కవాడి కన్నుగప్పి తీసుకోవడం మొదలెట్టారు. మా మామయ్య కూడా గోడవారగా నిలబడి, ఎవరూ చూడటం లేదనుకుని, ఒకదాని వెనక ఒకటి నోట్లో వేసుకుంటున్నాడు. సరిగ్గా అప్పుడు మేనేజరు వచ్చి పళ్లెంలోకి తొంగి చూసి ఇదేమిటని అడిగాడు, ఆమ్ అంది చిన్నమ్మ. ఆయన ముఖంలో కత్తివాటుకు నెత్తురుచుక్క లేదు.

"ఆమ్ నహీ! హామ్! హామ్!" అని అరిచాడు. ఎవరికీ అర్థం కాకపోయేసరికి విసుగొచ్చి, ఇల్లెగిరిపోయేటట్టు ఇంకో మాట అరిచాడు. "సువ్వర్!"

హైదరాబాద్‌లో ఆ మాటకు పంది అనే అర్థం తర్వాత, ముందు అది తిట్టు. మామయ్య బుగ్గ నిండా ఖర్బూజతోనే ముందుకు దూకాడు, నా చెల్లెని పట్టుకొని సువ్వర్ అంటవా అని మేనేజరు కాలరు మీదికి చెయ్యి పోనిచ్చాడు. ఆఫీసు గుమాస్తా ఒకాయన మధ్యలో పడి, అయ్యో పెద్దాయనా, తిట్టు కాదు, అది పంది మాంసమట, ఈ ఖర్బూజ మీద ఉండాల్సింది పంది మాంసమట అని సర్దిచెప్పబోయాడు. అంతే, మామయ్య చెయ్యి గాల్లోనే ఆగిపోయింది. కళ్లు పెద్దవయ్యాయి. నోట్లో ఉన్నది మింగాలో కక్కాలో తెలియక, తాను ఇందాకటి నుంచి ఎన్ని తిన్నాడో తలుచుకుంటూ, పాపం ఆ మనిషి నిలువునా కొయ్యబారిపోయాడు.

"అన్నా, మింగు. అది మన ఇంటి మామిడే" అంది చిన్నమ్మ.

ముందు గుమాస్తా నవ్వాడు, తర్వాత గది మొత్తం నవ్వింది. మేనేజరు ఒక్కడే నవ్వలేదు. ఆయన చెప్పిందాన్ని బట్టి అసలు సంగతి బయటపడింది. ఇటలీ ఆయన తన ఊరి నుంచి హామ్ పొట్లం ఒకటి కానుకగా తెచ్చాడట, అది ఆఫీసు ఫ్రిజ్‌లోనే ఉందట, మీరు ఖర్బూజ తెస్తే చాలు, హామ్ మా దగ్గరే ఉంది అని ఫోన్‌లో ఆఖరున స్పష్టంగా చెప్పాడట. ఆ ఆఖరి మాటే ఓనరమ్మ పాలలో కలిసిపోయింది. చెప్పిందొకటైతే చేసేదొకటి, ఇలాంటి వాళ్లను నమ్మి రోజూ పని ఎలా అప్పగించేది అని ఆయన హిందీలో విసుక్కున్నాడు. మామయ్య చెయ్యి అప్రయత్నంగా జేబు మీదికి పోవడం నేను చూశాను.

చిన్నమ్మ కొంగు భుజం చుట్టూ కప్పుకుని ఆయన ఎదురుగా నిలబడింది. హైదరాబాదీ హిందీలో ఆమె అన్న మాటలు నేను తెలుగులో చెబుతున్నాను. మీరు చెప్పింది నోరు మారి నా చెవికొచ్చింది సార్, మాట తప్పింది, ఒప్పుకుంటాను, చేతిలో ఏమన్నా తప్పుంటే అది చెప్పండి అంది. మేనేజరు ఏదో అనబోయి, ఊరికే నిలబడటమెందుకన్నట్టు ఒక ముక్క తీసి నోట్లో వేసుకున్నాడు. నమిలాడు. ఇంకొకటి తీశాడు.

అప్పుడొచ్చాడు ఇటలీ ఆయన. తెల్లజుట్టు, ఎండకు కందిపోయిన ముక్కు, పొట్టచుట్టూ బిగించిన బెల్టు. పళ్లెం చూసి, తన దేశపు తిండి ఇంత దూరంలో కనబడిందనుకుని రెండు చేతులూ చాచి ఏదో పాటలాంటి మాట అని, ఒక ముక్క గబుక్కున నోట్లో పెట్టుకున్నాడు. పాపం! ఒరుగు పులుపుకు ఒక కన్ను మూసుకుపోయింది, రెండోది నీళ్లు కక్కింది. నమిలి మింగి, ఇదేమిటని నా వంక చూశాడు. ఆయన ఇంగ్లీషు, నా ఇంగ్లీషు రెండూ కుంటివే కాబట్టి మా ఇద్దరికీ బాగా కుదిరింది. మామిడి, ఉప్పు, ఎండ అన్నాను. ఆయన ఫ్రిజ్ తెరిచి పొట్లం తెచ్చి విప్పి, వేలు పెట్టి చూపిస్తూ పంది, ఉప్పు, గాలి అన్నాడు.

నేను అది తెలుగులో చెప్పగానే చిన్నమ్మ దగ్గరకు వచ్చి, కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకునే, వంగి చూసింది. ఎర్రగా, అంచున తెల్లటి కొవ్వుతో, కాగితమంత పల్చని పొరలు. ఎన్నాళ్లు ఆరబెడతారో అడగమంది. నెలల తరబడి గాలికి వేలాడదీస్తారని చెప్పాడు. "అట్లయితే ఇది గూడ ఒరుగేనే. మా ఊర్ల యాటను కోసినప్పుడు మిగిలిన మాంసం తునకలకు ఉప్పు పసుపు రాసి తీగె మీద ఆరేస్తరు గద, గట్లనే" అంది. ఆ మాటతో ఆమెకు కంపరం పోయింది. ముట్టుకోనని మాత్రం ముందే చెప్పేసింది. నేను పండు కోస్త, ఆయనను చుట్టుకొమ్మను అంది.

ఇక ఆ తర్వాత జరిగినదాన్ని తలుచుకుంటే ఇప్పటికీ నాకు ఒళ్లు పులకరిస్తుంది. బల్లకు అటు ఆయన, ఇటు చిన్నమ్మ, మధ్యలో దుబాసీగా నేను. ఆమె అదనంగా తెచ్చిన ఖర్బూజను నెలవంకల్లా కోసి చెక్కు తీసి ఇస్తుంటే, ఆయన ముక్క మీది తడిని గుడ్డతో అద్ది, పొరను వదులుగా చుట్టి, పుల్ల గుచ్చి పేర్చేవాడు. తడి ఉంటే ఉప్పు జారిపోతుందని, ముందే చుట్టిపెడితే పండు నీరు కారుతుందని, తినేవాళ్లు చెయ్యి చాచినప్పుడే చుట్టాలని చెప్పాడు. చిన్నమ్మ తలూపుతూ వింది, విని, మెల్లగా కారప్పొడి డబ్బా మూత తీసింది. ఆయన హడలిపోయి పళ్లేనికి రెండు చేతులూ అడ్డం పెట్టాడు. పోనీ నిమ్మరసం? వద్దు. జర పోపు పెడితే? ఆ పోపు అనే మాటను ఇంగ్లీషులో ఎలా చెప్పాలో తెలియక నేను చేతులతో చిటపటలాడించి చూపిస్తే, ఆయన గుండె పట్టుకున్నాడు. ఆఫీసు వాళ్లు పడీ పడీ నవ్వారు, ఈసారి మేనేజరు కూడా.

ఏ కత్తి దేనికని గందరగోళం రాకుండా, చిన్నమ్మ బల్ల మీది మిఠాయి పెట్టెకు కట్టిన ఎర్రదారం విప్పి ఒక కత్తి పిడికి కట్టింది. దారమున్న కత్తి హామ్‌ది, అది ఆఫీసులోనే ఉంటుంది, దారం లేనిది ఇంటిది. రెండు పళ్లేలు, రెండు కత్తులు, ఎవరి ఆచారం వాళ్లకు. ఇంత చక్కటి ఒప్పందం నేను తర్వాత ఏ ఆఫీసులోనూ చూడలేదు.

నేను హామ్ తిన్నాను. చిన్నమ్మ చూస్తుండగానే తిన్నాను, తిను, ఎట్లుందో చెప్పు, నాకు తెల్వాలె అని ఆమే పురమాయించింది. చల్లటి పండు రసం నోరంతా నిండాక, ఆ పొర నాలుక మీద వెన్నలా కరుగుతూ ఉప్పు వదిలింది, ఆ ఉప్పు తగిలాక పండు ఇంకా తియ్యనైంది. పులుపు లేదు, కారం లేదు, తొందర లేదు. ఒరుగు ముక్క చెయ్యి పట్టుకుని గుంజుతుంది, ఇది పక్కన కూర్చుని మాట్లాడుతుంది అని చెప్పాను. అయితే నాదే మంచిది, గుంజకపోతే ఎవరొస్తరు అంది చిన్నమ్మ.

చివరికి మేనేజరు తేల్చిన మాట ఇది. రేపటి నుంచి రోజూ రండి. కానీ ఏం కావాలో ఇక ఫోన్‌లో చెప్పను, పొద్దున మీరే వచ్చి నా ముందు నిలబడి వినిపోండి. రెండు నెలలు ఇటలీ ఆయనకు పండు కోసివ్వడం కూడా ఆ పనిలోనే చేరింది. మేడ మెట్లెక్కి తలుపు దగ్గరకు వచ్చాక మామయ్య జేబులో నుంచి తాళంచెవి తీశాడు, తాళంలో పెట్టబోయి ఆగిపోయాడు. చెల్లెలి చెయ్యి తీసుకుని అందులో పెట్టాడు.

"నీ ఇంటి తాళం నువ్వే తియ్యి."

చిన్నమ్మ తాళం తీసింది, తీశాక అది పట్టుకునే గడపలో కూలబడి ఏడ్చింది. నేను ఏడ్చాను. మామయ్య మాత్రం, ఇంకేమన్న మిగిలినయా ఆ ముక్కలు అని డబ్బాలు వెతుక్కున్నాడు. మర్నాడు ఓనరమ్మకు సంగతంతా చెబితే, నా నోటితోనే పంది మాట పలికించారా అని లబోదిబోమని, ఫోనుకు పసుపునీళ్లు చల్లింది. దాంతో రెండు రోజులు ఆ ఫోన్ పలకలేదు, సందు సందంతా ఆగమైంది.

ఆ తర్వాత ఏళ్ల తరబడి అశోక్ నగర్‌లో ఏ పుట్టినరోజు జరిగినా, నారాయణగూడలో ఎవరికి ప్రమోషన్ వచ్చినా, ఆమ్ ఖర్బూజ లేకుండా పళ్లెం రాలేదు. ఇటలీ ఆయన ఉన్న రెండు నెలలు మాత్రం ఇళ్లకు ఆమ్, ఆఫీసుకు హామ్. మామయ్య ప్రతి ఎండాకాలం పచ్చి మామిడికాయలు గోనెసంచిలో కుట్టి బస్సులో వేసి పంపేవాడు. చెల్లెలు వంటలమ్మడం తనకు తక్కువన్న మనిషే, ఆ సంచి మీద ఆమె పేరు అంతంత అక్షరాలతో రాసేవాడు. మామయ్య ఇప్పుడు లేడు. చిక్కడపల్లిలో ఆ పాత ఇల్లూ లేదు, ఆ డాబా ఉన్నచోట అపార్టుమెంటు లేచింది, ఒరుగులు ఆరేసుకోవడానికి దాని పైకి ఎవరినీ ఎక్కనివ్వరట.

ఇప్పుడు ఖర్బూజ పన్నెండు నెలలూ దొరుకుతుంది, హామ్ సూపర్ మార్కెట్‌లో పెరుగు పక్కనే ఉంటుంది. వంటవాళ్లకు ఏం కావాలో ఫోన్‌లో ఫొటో పెడితే చాలు, నోరు మారదు, చెవి తప్పదు, పాలు పొంగినా ఏ మాటా ఒలికిపోదు. మంచిదే. కానీ ఎవరూ ఏదీ తప్పుగా వినని ఈ కాలంలో ఆమ్ ఖర్బూజలాంటిది మళ్లీ ఎలా పుడుతుంది అని నాకు బెంగ. పెళ్లిలో నేను తిన్న ముక్క అచ్చం ఉండాల్సినట్టే ఉంది. చుట్టింది వదులుగానే ఉంది, తడి లేదు, ఉప్పు సరిపోయింది. అయినా చెయ్యి పట్టుకుని గుంజేది ఏదీ అందులో లేదు.

ఆ రాత్రి ఆగలేక చిన్నమ్మకు ఫోన్ చేశాను. ఎనభై దాటింది. అశోక్ నగర్‌లో చిన్న ఫ్లాటు, తోడుకు ఒక పనమ్మాయి, చెవులు బాగా మందగించాయి, తాళంచెవి ఇప్పటికీ కొంగుకే ఉంది. పెళ్లిలో ఖర్బూజకు హామ్ చుట్టి పెట్టారు చిన్నమ్మా అని గట్టిగా అరిచి చెప్పాను.

"ఆమా? ఈ చలిల ఆమ్ యాడిదే? ఎవరు పెట్టిండ్రే ఒరుగులు?"

హామ్ చిన్నమ్మా, హామ్ అని నోటిదాకా వచ్చింది. అప్పుడే ఆమె అటు తిరిగి కూర్చుందేమో, కొంగున తాళంచెవి దేనికో తగిలి టంగుమన్నది నాకు ఫోన్‌లో వినిపించింది. అవును, ఆమే, నువ్వు చేసినంత బాగా లేదు అన్నాను.

"ఆవిరి పెట్టి ఉండరు" అంది చిన్నమ్మ, ఎంతో తృప్తిగా.